రంగు పూసిన ముఖం, అసలు ముఖం: బ్రెజిల్ నటి రూత్ డి సౌజా



డిసౌజా అనే ఇంటిపేరు మీలో చాలామంది వినే ఉంటారు. గోవాలో, మంగళూరులో, ముంబయిలో ఈ పేరు గల కుటుంబాలు ఎన్నో ఉన్నాయి. ఇది పోర్చుగీసు భాష నుంచి వచ్చిన పేరు. పోర్చుగీసువారు 1510లో గోవాను ఆక్రమించి 1961 వరకు పాలించారు. అంతకు పదేళ్ల ముందే, 1500లో, వారి నౌకలు అట్లాంటిక్ మహాసముద్రానికి ఆవలి ఒడ్డున ఉన్న బ్రెజిల్‌ను చేరాయి. మన పలాసలో దొరికే జీడిపప్పు కూడా పోర్చుగీసువారు బ్రెజిల్ నుంచి మన దేశానికి తెచ్చిన చెట్టుదే. నేడు ప్రపంచంలో పోర్చుగీసు మాట్లాడేవారిలో అత్యధికులు బ్రెజిల్‌లోనే ఉన్నారు.

ఈ పాఠంలో మనం అదే ఇంటిపేరు గల ఒక బ్రెజిల్ నటి గురించి తెలుసుకుందాం. ఆమె పేరు రూత్ డి సౌజా. 1921లో జన్మించి 2019లో మరణించారు. నాటకరంగం, సినిమా, టెలివిజన్ మూడింటిలోనూ కలిపి ఏడు దశాబ్దాలకు పైగా నటించారు. ఒక నటి జీవితం చరిత్ర పాఠం ఎలా అవుతుందని మీకు సందేహం రావచ్చు. ఒక సమాజం ఎవరిని వేదిక మీదికి రానిస్తుంది, ఎవరిని రానివ్వదు అన్నది కూడా చరిత్రే. దానికి సాక్ష్యం ఈమె జీవితం.

మొదట ఒక ప్రశ్న

నటుడు ముఖానికి రంగు వేసుకుని మరొకరిలా మారడం మనకు కొత్తకాదు. తెలుగు నాటకరంగంలో స్థానం నరసింహారావు (1902–1971) సత్యభామ వేషం కడితే, అది పురుషుడు వేసిన వేషమని ప్రేక్షకులు మరచిపోయేవారు. అది గొప్ప కళ, సందేహం లేదు. కానీ దాని వెనుక మరో నిజం కూడా ఉంది. ఆ కాలంలో సంసార స్త్రీలు నాటకాలాడటాన్ని సమాజం ఒప్పుకునేది కాదు. అంటే వేషం వేసినవారి ప్రతిభ ఒకవైపు, వేషం వేసే అవకాశమే లేనివారి మౌనం మరొకవైపు.

బ్రెజిల్‌లోనూ ఇటువంటిదే జరిగింది. అక్కడ నాటకంలో నల్లజాతి మనిషి ముఖ్యపాత్రగా వస్తే, తరచుగా ఒక తెల్లజాతి నటుడు ముఖానికి నల్లరంగు పులుముకుని నటించేవాడు. తగిన నల్లజాతి నటులు లేరు కనుకనే ఇలా చేస్తున్నామని చెప్పేవారు. నటులు నిజంగా లేరా, లేక ఉన్నవారిని రానివ్వలేదా? ఈ ప్రశ్నను మనసులో ఉంచుకుని ముందుకు వెళదాం.

చారిత్రక నేపథ్యం

పదహారవ శతాబ్దం నుంచి పంతొమ్మిదవ శతాబ్దం మధ్య వరకు ఆఫ్రికా నుంచి సుమారు 48 లక్షల మందిని బానిసలుగా బ్రెజిల్ తీరంలో దింపినట్లు చరిత్రకారుల అంచనా. అమెరికా ఖండాల్లోని మరే దేశానికీ ఇంతమందిని తీసుకురాలేదు. చెరకు తోటలు, బంగారు గనులు, కాఫీ తోటలు వారి శ్రమ మీదనే నడిచాయి. అమెరికా ఖండాల్లో బానిసత్వాన్ని అందరికంటే చివరగా రద్దు చేసిన దేశం బ్రెజిల్. ఆ చట్టం మీద 1888 మే 13న రాకుమారి ఇసబెల్ సంతకం చేసింది.

చట్టం సంకెళ్లు తెంచింది కానీ, విడుదలైనవారికి సెంటు భూమి ఇవ్వలేదు, బడి చూపలేదు, పరిహారం చెల్లించలేదు. అదే కాలంలో ఐరోపా నుంచి వలస వచ్చేవారికి మాత్రం ప్రభుత్వం ప్రయాణ ఖర్చులు భరించింది. ఇరవయ్యవ శతాబ్దంలో బ్రెజిల్ పాలకులు, పండితులు తమది జాతి వివక్ష లేని దేశమని గర్వంగా చెప్పుకున్నారు. అమెరికాలో మాదిరిగా జాతులను వేరుచేసే చట్టాలు అక్కడ లేని మాట నిజమే. చట్టం అడ్డుచెప్పని చోట అలవాటు అడ్డుచెప్పింది.

బాల్యం

రూత్ డి సౌజా 1921 మే 12న రియో డి జనీరో నగరంలో జన్మించారు. బానిసత్వం రద్దయి అప్పటికి ముప్పై మూడేళ్లు నిండటానికి ఒక్కరోజు తక్కువ. పసితనంలో కుటుంబంతో మినాస్ జెరైస్ రాష్ట్రంలోని ఒక పల్లెలో ఉన్నారు. ఆమెకు తొమ్మిదేళ్ల వయసులో తండ్రి మరణించగా, తల్లి పిల్లలను తీసుకుని రియోకు తిరిగి వచ్చింది. కోపకబానాలో బట్టలు ఉతుకుతూ కుటుంబాన్ని పోషించింది.

ఆ తల్లికి కళలంటే ఇష్టం. అవకాశం దొరికినప్పుడల్లా కూతురిని సినిమాలకు, నాటకాలకు తీసుకువెళ్లేది. రూత్ చూసిన తొలి సినిమా టార్జాన్. తెర మీది ప్రపంచాన్ని చూసి, తానూ నటిని కావాలని ఆ పిల్ల కోరుకుంది. ఆ మాట చెబితే చుట్టుపక్కలవారు నవ్వేవారని, నల్లజాతి నటీమణులు ఎక్కడున్నారని అడిగేవారని ఆమె పెద్దయ్యాక గుర్తు చేసుకున్నారు. ఎన్నడూ చూడని దాన్ని ఊహించుకోవడం ఎవరికైనా కష్టమే. ఆ పిల్ల మాత్రం ఊహించుకోగలిగింది.

లిమా నగరంలో ఒక రాత్రి

ఇక్కడ మనం కాసేపు రూత్‌ను వదిలి పెరూ దేశ రాజధాని లిమాకు వెళ్లాలి. 1941లో అబ్దియాస్ డో నాసిమెంటో అనే బ్రెజిల్ యువకుడు అక్కడ ఒక నాటకం చూశాడు. అది అమెరికన్ రచయిత యూజిన్ ఓనీల్ 1920లో రాసిన 'ఎంపరర్ జోన్స్'. అందులో నాయకుడు నల్లజాతివాడు. అర్జెంటీనా నుంచి వచ్చిన నాటక బృందంలోని తెల్లజాతి నటుడు ముఖానికి నల్లరంగు పూసుకుని ఆ పాత్ర ధరించాడు. అబ్దియాస్ స్వయంగా నల్లజాతివాడు. ఆ రంగు పూసిన ముఖాన్ని చూస్తూ, తన దేశంలోనూ ఇదే జరుగుతున్నదని అతను గ్రహించాడు.

తిరిగి వచ్చాక అతను కొంతకాలం సావ్ పాలో జైలులో ఉండవలసి వచ్చింది. అక్కడే తోటి ఖైదీలతో నాటకాలు ఆడించాడు. విడుదలైన తర్వాత 1944లో రియోలో 'నల్లజాతి ప్రయోగాత్మక నాటకరంగం' అనే సంస్థను స్థాపించాడు. ఇళ్లలో పనిచేసే స్త్రీలు, కూలీలు, చిరుద్యోగులు అందులో చేరారు. వారిలో చాలామందికి చదవడం రాదు. చదవడం రానివారు సంభాషణలు ఎలా నేర్చుకుంటారు? అందుచేత అక్షరాస్యతా తరగతులు కూడా మొదలుపెట్టారు. సుమారు 600 మంది చేరారని అబ్దియాస్ రాశారు. నాటకం కోసం పెట్టిన సంస్థ ఆ విధంగా బడి కూడా అయింది.

ఈ సంస్థ గురించి రూత్ ఒక పత్రికలో చదివి, వెంటనే వెళ్లి చేరారు.

1945 మే 8

తొలి ప్రదర్శనకు వారు ఎంచుకున్నది, అబ్దియాస్ లిమాలో చూసిన ఆ 'ఎంపరర్ జోన్స్' నాటకమే. అనుమతి కోరుతూ ఓనీల్‌కు ఉత్తరం రాయగా, ఆయన ప్రతిఫలం ఆశించకుండా హక్కులు ఇచ్చారు. వేదిక రియోలోని మునిసిపల్ థియేటర్. 1909లో ప్రారంభమైన ఆ భవనం దేశంలోని సంపన్నుల కళామందిరం. ప్రదర్శన తేదీ 1945 మే 8. ఐరోపాలో రెండవ ప్రపంచయుద్ధం ముగిసిన రోజు అదే.

ఆ సాయంత్రం నగరమంతా విజయోత్సవాల్లో ఉండగా, మునిసిపల్ థియేటర్‌లో తెర లేచింది. జోన్స్ పాత్రను అగినాల్డో కమార్గో అనే నల్లజాతి నటుడు ధరించాడు. అతని ముఖానికి రంగు అవసరం లేదు. ఆ వేదిక మీద నటించిన తొలి నల్లజాతి నటిగా రూత్ డి సౌజా చరిత్రలో నిలిచారు. తగిన నటులు లేరన్న వాదనకు ఆ రాత్రే సమాధానం దొరికింది.

చదువు, సినిమా, వెనిస్

తరువాత రూత్ సినిమాల్లో ప్రవేశించారు. ప్రసిద్ధ నవలాకారుడు జార్జ్ అమాడో నవల ఆధారంగా 1948లో వచ్చిన చిత్రం ఆమెకు మొదటిది. 1950లో నాటక విమర్శకుడు పాస్కోల్ కార్లోస్ మాగ్నో సిఫారసుతో రాక్‌ఫెల్లర్ ఫౌండేషన్ ఉపకారవేతనం లభించింది. అమెరికాలోని హోవర్డ్ విశ్వవిద్యాలయంలోను, నల్లజాతి కళాకారులను ప్రోత్సహించిన క్లీవ్‌లాండ్‌లోని కరాము హౌస్‌లోను ఆమె నాటకకళ అధ్యయనం చేశారు. నటనతో పాటు దీపాలంకరణ, ధ్వని, రంగస్థల నిర్వహణ వంటి తెర వెనుక పనులు కూడా నేర్చుకున్నారు.

అదే 1950లో బ్రెజిల్‌లో ఒక సంఘటన జరిగింది. అమెరికాకు చెందిన ప్రఖ్యాత నల్లజాతి నర్తకి కేథరిన్ డన్‌హామ్‌కు సావ్ పాలోలోని ఒక హోటల్ గది ఇవ్వడానికి నిరాకరించింది. పెద్ద దుమారం రేగింది. ఫలితంగా 1951లో జాతి వివక్షను శిక్షార్హం చేస్తూ తొలి చట్టం వచ్చింది. వివక్ష లేదని చెప్పుకున్న దేశం, వివక్షను నిషేధిస్తూ చట్టం చేయవలసి వచ్చిందన్నమాట.

తిరిగి వచ్చిన రూత్ వెరా క్రూజ్ అనే నిర్మాణ సంస్థ చిత్రాల్లో నటించారు. 1949లో సావ్ పాలో సమీపంలో ఆరంభమైన ఈ సంస్థ హాలీవుడ్ స్థాయిలో చిత్రాలు తీయాలని ప్రయత్నించింది. 1953లో వచ్చిన 'సిన్యా మోసా' చిత్రంలో రూత్ సబీనా అనే బానిస స్త్రీ పాత్ర ధరించారు. బానిసత్వం రద్దుకు ముందు రోజుల కథ అది. నాయిక తోట యజమాని కూతురు. సబీనాది సహాయ పాత్ర. అయినా 1954 వెనిస్ చలనచిత్రోత్సవంలో ఉత్తమ నటి పురస్కారం కోసం పరిశీలించిన పేర్లలో రూత్ పేరు ఉంది. పురస్కారం రాలేదు. ఒక అంతర్జాతీయ చిత్రోత్సవంలో ఆ స్థాయికి చేరిన తొలి బ్రెజిల్ నటిగా మాత్రం గుర్తింపు వచ్చింది.

ఇంత గుర్తింపు తరువాత ఆమెను నాయికగా పెట్టి వరుసగా చిత్రాలు తీసి ఉంటారని మీరు అనుకోవచ్చు. అలా జరగలేదు. పనిమనిషి, బానిస, దాది పాత్రలే ఎక్కువగా వచ్చాయి. 1961లో మాత్రం వేదిక మీద ఒక గొప్ప అవకాశం దక్కింది. సావ్ పాలో మురికివాడలో చిత్తుకాగితాలు ఏరుకుని బతికిన కరోలినా మరియా డి జీసస్ రాసుకున్న దినచర్య 1960లో పుస్తకంగా వచ్చి సంచలనం సృష్టించింది. దాన్ని నాటకంగా మలచినప్పుడు కరోలినా పాత్రను రూత్ పోషించారు.

కెమెరా కూడా తటస్థం కాదు

సైన్సు బోధించే వ్యక్తిగా ఇక్కడ ఒక విషయం చెప్పాలి. కెమెరా ఉన్నది ఉన్నట్లు చూపిస్తుందని మనం అనుకుంటాం. అది పూర్తిగా నిజం కాదు. ఫోటో ఫిల్ముకు తట్టుకోగల వెలుగు నీడల పరిధి ఒకటి ఉంటుంది. లేత రంగు చర్మం ఎక్కువ కాంతిని పరావర్తనం చేస్తుంది, ముదురు రంగు చర్మం తక్కువ చేస్తుంది. ఒకే చట్రంలో ఇద్దరూ ఉన్నప్పుడు, కెమెరాను లేత రంగు ముఖానికి సరిపోయేలా అమర్చితే రెండో ముఖంలోని సూక్ష్మమైన కదలికలు చీకటిలో కలిసిపోతాయి.

ఆ కాలంలో రంగుల ఫిల్ము ముద్రణను సరిచూసుకోవడానికి వాడిన ప్రామాణిక చిత్రాల్లో ఉండేది తెల్లజాతి స్త్రీయే. ఆ చిత్రాలకు 'షిర్లీ కార్డులు' అని పేరు. అంటే 'సరైన రంగు' అన్న కొలమానంలోనే ఒకరు ఉన్నారు, మరొకరు లేరు. నల్లజాతి నటికి విడిగా దీపం అమర్చితే ఈ సమస్య చాలావరకు తీరుతుంది. కానీ దీపం అమర్చాలంటే ఆ ముఖం ముఖ్యమని ఎవరో ఒకరు ముందుగా అనుకోవాలి. పనిమనిషి పాత్ర కోసం ఎవరు దీపం జరుపుతారు?

మళ్లీ అదే రంగు: 1969

బ్రెజిల్‌లో టెలివిజన్ 1950 సెప్టెంబరు 18న సావ్ పాలోలో మొదలైంది. 1965లో గ్లోబో చానల్ వచ్చింది. ప్రతి రాత్రీ వచ్చే టెలినోవెలాలు, అంటే మనం సీరియల్ అనుకునేవి, ఆ దేశ ప్రజలకు నిత్యజీవితంలో భాగమయ్యాయి. రూత్ డి సౌజా 1960 దశకం చివర గ్లోబోలో చేరారు.

1969లో గ్లోబో 'అంకుల్ టామ్స్ కేబిన్' నవలను సీరియల్‌గా తీసింది. హ్యారియెట్ బీచర్ స్టోవ్ 1852లో అమెరికాలో బానిసత్వాన్ని నిరసిస్తూ రాసిన నవల అది. టామ్ భార్య క్లోయి పాత్ర రూత్‌కు వచ్చింది. గ్లోబో సీరియళ్లలో ప్రధాన పాత్ర ధరించిన తొలి నల్లజాతి నటి ఆమెనే. మరి టామ్ పాత్ర? అది తెల్లజాతి నటుడు సెర్జియో కార్డోజోకు ఇచ్చారు. ఆయన సమర్థుడు, పేరున్న నటుడు. శరీరానికి నల్లరంగు పూసుకుని, గిరజాల జుట్టు తగిలించుకుని, ముక్కు వెడల్పుగా కనబడటానికి ముక్కుపుటాల్లో బెండు ముక్కలు పెట్టుకుని నటించారు. అదే సీరియల్‌లో అబ్రహాం లింకన్ పాత్ర కూడా ఆయనదే!

ఒకసారి ఆ దృశ్యాన్ని ఊహించుకోండి. బానిసత్వాన్ని నిరసించే కథ. భార్య పాత్రలో, ఇరవై నాలుగేళ్ల క్రితం మునిసిపల్ థియేటర్‌లో ఆ అడ్డుగోడను దాటిన నటి. ఆమె పక్కన భర్త పాత్రలో, రంగు పూసిన ముఖం. 1941లో లిమాలో అబ్దియాస్ చూసిన ముఖమే ఇప్పుడు దేశమంతటా ఇళ్లలోకి వచ్చింది.

నాటక రచయిత ప్లీనియో మార్కోస్ పత్రికల్లో తీవ్రంగా నిరసించారు. నల్లజాతి నటులుండగా ఈ వేషం ఎందుకని ఇతర కళాకారులు కూడా ప్రశ్నించారు. అప్పుడు దేశం సైనిక పాలనలో ఉంది. 1968లో దేశం విడిచిన అబ్దియాస్ ప్రవాసంలో ఉన్నారు. నటుణ్ణి మార్చలేదు. సీరియల్ 1970 ఫిబ్రవరిలో ముగిసింది.

తరువాతి సంవత్సరాలు

రూత్ నటన మానలేదు. 1973లో బ్రెజిల్ తొలి రంగుల టెలినోవెలా 'ఓ బెమ్ అమాడో'లో మంత్రసాని పాత్ర ధరించారు. 1986లో 'సిన్యా మోసా' కథ సీరియల్‌గా వచ్చినప్పుడు అందులోనూ నటించారు. ఎన్నో సీరియళ్లలో చిన్న పాత్రలు చేశారు. సంభాషణలు కొన్నే ఉన్నా, ఆ మనిషికి ఒక గతం, ఒక మనసు ఉన్నాయని ప్రేక్షకులకు తెలిసేలా నటించడం ఆమె ప్రత్యేకత.

ఈలోగా దేశం కూడా మారుతూ వచ్చింది. 1988 నాటి రాజ్యాంగం జాతివివక్షను బెయిలుకు వీలులేని నేరంగా ప్రకటించింది. 2000లో దర్శకుడు జోయెల్ జీతో అరౌజో, టెలినోవెలాల్లో నల్లజాతి పాత్రలను ఎలా చూపించారో పరిశీలిస్తూ ఒక డాక్యుమెంటరీ తీశారు. 2003లో ఆఫ్రికా, ఆఫ్రో బ్రెజిలియన్ చరిత్రను పాఠశాలల్లో బోధించడం తప్పనిసరి చేస్తూ చట్టం వచ్చింది.

2004లో అరౌజో తీసిన 'ఫిల్యాస్ డో వెంటో' చిత్రంలో రూత్, మరో సీనియర్ నటి లేయా గార్సియా అక్కాచెల్లెళ్లుగా నటించారు. ఒక చెల్లెలికి నటి కావాలన్న కోరిక ఉండే కథ అది. గ్రమాడో చిత్రోత్సవంలో ఇద్దరికీ కలిపి ఉత్తమ నటి పురస్కారం ఇచ్చారు. అప్పటికి రూత్ వయసు 83 ఏళ్లు. అదే సంవత్సరం గ్లోబోలో తయిస్ అరౌజో అనే నల్లజాతి యువనటి ఆధునిక కాలపు కథకు నాయిక అయింది.

2019 కార్నివాల్‌లో రియోలోని శాంతా క్రూజ్ సాంబా బృందం రూత్ జీవితాన్నే తన ఇతివృత్తంగా తీసుకుని ఊరేగింపు జరిపింది. ఆ ఏడాది జులై 28న, 98 ఏళ్ల వయసులో ఆమె కన్నుమూశారు.

మనం గ్రహించవలసినది

రూత్ డి సౌజా కథను కేవలం విజయగాథగా చదివితే సగమే చదివినట్లు. ఆమె గెలిచారు, నిజమే. కానీ వెనిస్ దాకా వెళ్లిన నటికి తన దేశంలో దక్కకుండా పోయిన పాత్రలెన్నో! అవి ఏ జాబితాలోనూ కనిపించవు. వేయని వేషాలను లెక్కపెట్టడం ఎవరి తరమూ కాదు. 2022 జనాభా లెక్కల ప్రకారం బ్రెజిల్‌లో తమను మిశ్రమ వర్ణంవారిగా చెప్పుకున్నవారు 45.3 శాతం, నల్లజాతివారిగా చెప్పుకున్నవారు 10.2 శాతం. రెండూ కలిపితే సగానికి పైగా జనాభా. అంతమంది ఉన్న దేశంలో ఒకప్పుడు ఆ ముఖం కోసం రంగు డబ్బా వెతికారు!

సైన్సులో మేము ఒక మాట చెబుతుంటాం. ఒక వస్తువు కనిపించనంత మాత్రాన అది లేదని తీర్మానించకూడదు, చూసే పరికరం సరిగా ఉన్నదో లేదో ముందుగా పరీక్షించాలి. చరిత్రకూ ఈ మాట వర్తిస్తుంది. తగినవారు లేరు అని ఎవరైనా అన్నప్పుడు, వెతికినవారు ఎక్కడ వెతికారో అడగండి. 1945 మే 8 రాత్రి మునిసిపల్ థియేటర్ వేదిక మీద నిలబడినవారు అంతకుముందు రోజు కూడా ఆ నగరంలోనే ఉన్నారు.

ఆలోచించండి

1. బానిసత్వం రద్దు చట్టం వచ్చినా, నల్లజాతివారికి కళారంగంలో సమాన అవకాశాలు ఎందుకు రాలేదు?

2. నాటక సంస్థ అక్షరాస్యతా తరగతులు నడపవలసిన అవసరం ఎందుకు కలిగింది?

3. మీరు చూసే సినిమాల్లో, సీరియళ్లలో ఏ వర్గాలవారు ఎప్పుడూ చిన్న పాత్రల్లోనే కనిపిస్తున్నారు? అసలు కనిపించనివారు ఎవరు? ఒక వారం గమనించి రాయండి.